గాజుగ్లాసులో అనాస టీ

మామిడికుదురు
2 ఏప్రిల్ 2025

మాణిక్యానికి, అక్క దీవెనలు.

కాకినాడలో మందు మాన్పించే సెంటర్ నుంచి నువ్వు ఇంటికి చేరావని తెలిసింది. మొహం తేటపడిందని చూసినవాళ్లు చెప్పారు. సంతోషం. ఫోన్ చేస్తే అక్క ఎత్తడం లేదని అందరితో అంటున్నావట. ఎత్తను. నీ గొంతు ఫోన్‌లో తేనె రాసినట్టు ఉంటుంది. తాగినా అంతే, తాగకపోయినా అంతే. ఆ గొంతు నమ్మే కదా భవానికి రెండుసార్లు నచ్చజెప్పి నీ దగ్గరికి పంపాను! రెండుసార్లూ ఏమైందో నీకూ తెలుసు, నాకూ తెలుసు.

అందుకని ఉత్తరం రాయి. నీకు అక్షరాలు దిద్దించిన దాన్ని నేను. తాగిన రోజు నీ రాత గీత మీద నిలబడదు, కొండెక్కినట్టు పైకి పోతుంది. ఫోన్‌లో నన్ను మోసం చెయ్యగలవు గానీ కాగితం మీద చెయ్యలేవు.

భవానీ, తులసీ నా దగ్గర బాగానే ఉన్నారు. పిల్లకి జూన్‌లో బడి తెరిచేలోగా ఎక్కడ చేర్చాలో తేలిపోవాలి. ఇక్కడ తొమ్మిదో తరగతిలో చేర్చేస్తే నీ పెళ్లాం ఇక సఖినేటిపల్లి రాదు, అది రాసి పెట్టుకో. "వదినగారు వెళ్లమంటే వెళ్తానండి, వద్దంటే మానేస్తానండి" అని కూర్చుంది. అంటే ఈసారి తప్పు జరిగితే అది నా నెత్తి మీదే. నాకు నిద్ర పట్టడం లేదు తమ్ముడూ.

మీ బావగారు నిన్ను అడిగానని రాయమన్నారు. నిజానికి అడగలేదు, నేనే రాస్తున్నాను.

అక్క
సూర్యకాంతం

*

సఖినేటిపల్లి
8 ఏప్రిల్

అక్కకి నమస్కారాలు.

ఉత్తరం చదివాను. గీతల కాగితం కొనుక్కొచ్చి మరీ రాస్తున్నాను, నీకు చూసుకోవడానికి వీలుగా ఉంటుందని.

పని దొరికింది. దిండిలో సుబ్రహ్మణ్యేశ్వరరావు గారి హౌస్‌బోటు మీద. ఒకప్పుడు గోదావరి మీద పంటు నడిపి జనాన్ని రేవు దాటించిన వాణ్ని కదా, చుక్కాని ఇస్తారనుకున్నాను. "ఆయ్, చూద్దావండీ. ముందు వంటింట్లో ఉండండి" అన్నారు ఆయన. సరే అన్నాను. గిన్నెలు తోముతున్నాను, కూరలు తరుగుతున్నాను. సిగ్గేమీ లేదు.

పగలు బానే గడుస్తుంది. సాయంత్రం బస్సు దిగి ఇంటి తాళం తీసేసరికి మాత్రం ఒళ్లంతా ఒకటే మాట అడుగుతుంది. చెయ్యి గ్లాసు అడుగుతుంది. గొంతు చల్లగా ఏదో అడుగుతుంది. నాలుక చేదు అడుగుతుంది. కాకినాడలో డాక్టరమ్మగారు ఇది ముందే చెప్పారు. "ఆ టైముకి చేతిలో వేరే గ్లాసు ఉండాలి మాణిక్యాలరావుగారూ, ఖాళీ చేత్తో కూర్చోకండి" అని.

బోటు మీద జాషువా అని వంటవాడున్నాడు. ఎండన పడి వచ్చిన టూరిస్టులకి ఎక్కగానే ఐస్ టీ ఇస్తాడు. ఒకరోజు మిగిలితే నాకూ పోశాడు. కాస్త వగరు, కాస్త పులుపు, పండు వాసన, పళ్లు జివ్వుమనే చల్లదనం. అక్కా, ఆ సాయంత్రం ఇంటికి వచ్చాక నాకు ఏమీ గుర్తు రాలేదు.

ఎలా చేస్తారో అడగడానికి మొహమాటపడి, నాకు తెలిసినట్టే ఇంట్లో చేసుకున్నాను. పాలు పోసి, టీపొడి వేసి మరిగించి, చల్లార్చి, అందులో అనాస రసం, నిమ్మకాయ పిండాను. తెల్లగా ముక్కలు ముక్కలుగా విరిగిపోయింది. పారబోస్తుంటే నవ్వొచ్చింది. ఈ ఇంట్లో నేను ఒక్కణ్నే నవ్వుకుని ఎన్నాళ్లయిందో!

రేపు జాషువాని అడుగుతాను.

భవానికి ఏం చెప్పాలో తెలియడం లేదు. తులసికి ముద్దులు.

మాణిక్యం

*

మామిడికుదురు
13 ఏప్రిల్

మాణిక్యానికి, దీవెనలు.

రాత బాగుంది. తిన్నగా ఉంది. రెండుసార్లు వెలుతురులో పెట్టి చూశాను.

కానీ గ్లాసు, ఐసు, చేదు అని ఒకే పేజీలో రాస్తే నా గుండె ఏమవుతుందనుకున్నావు? ఇదివరకూ ఆ ఐసే కదా, ఆ గ్లాసే కదా! సాయంత్రం అయ్యేసరికి "తులసీ, ఐసు ముక్కలు పట్రా" అని కేకేసేవాడివి. పిల్ల ఇప్పటికీ ఫ్రిజ్‌లో ఐసు ట్రే ముట్టుకోదు. ఇక్కడ మా ఫ్రిజ్‌లో కూడా ముట్టుకోదు. నీకు తెలుసా ఆ సంగతి?

మజ్జిగ తాగరాదూ? కొబ్బరిబొండాలు నీ పెరట్లోనే ఉన్నాయి. పాలు లేని టీ కూడా టీయేనా! ఎవరైనా చూస్తే ఏమనుకుంటారు?

తులసి మాత్రం పాలు విరిగిన సంగతి విని పొట్ట పట్టుకుని నవ్వింది. "నాన్నకి ఆ మాత్రం తెలీదా అత్తా" అంది. భవాని వంటింట్లోంచి వింది. అరిటికాయ తరుగుతూ కాసేపు ఆగింది, అంతే.

మజ్జిగ సంగతి ఆలోచించు.

అక్క

*

సఖినేటిపల్లి
24 ఏప్రిల్

అక్కా,

మజ్జిగ మధ్యాహ్నానికి సరిపోతుంది. సాయంత్రానికి సరిపోదు. మజ్జిగ తాగితే ఎవరో నన్ను బుజ్జగిస్తున్నట్టు ఉంటుంది. నాకు కాస్త గొంతు పట్టేది కావాలి. ఇంతకంటే చెప్పడం నాకు చేత కాదు.

జాషువా నేర్పాడు. "ఆయ్, పాల సంగతి మర్చిపోండి గురువుగారూ" అన్నాడు ముందు. నీళ్లు తెర్లాక పొయ్యి కట్టెయ్యాలి. అప్పుడు టీ ఆకు వేసి మూత పెట్టాలి. మరిగించకూడదు, మరిగితే నోరు పట్టేసేటంత వగరు. రంగు దిగగానే వడకట్టి, వేడి మీదుండగానే పంచదార కలిపెయ్యాలి. చల్లారాక వేస్తే అడుగునే కూర్చుంటుంది. తొందరపడి వేడివేడిది ఫ్రిజ్‌లో పెడితే మసకబారుతుంది, దానంతటది చల్లారాలి. అనాసపండు ముక్కలు కొంచెం నీళ్లలో ఉడికించి, రసం వడకట్టి కలపాలి. చివర్న నిమ్మచెక్క. తాగేముందు ఐసు.

నిన్న కుదిరింది అక్కా. అచ్చం జాషువా చేసినట్టే. వెనక వసారాలో కూర్చుని ఒక్కొక్క గుక్కే తాగాను. రేవులో పంటు ఆఖరి ట్రిప్పు వెళ్లేదాకా ఆ ఒక్క గ్లాసే. తులసికి చెప్పు, నాన్నకి ఇప్పుడు తెలుసని.

ఐసు ట్రే సంగతి నాకు తెలియదు. దాని గురించి ఏమీ రాయలేను.

మాణిక్యం

*

మామిడికుదురు
3 మే

మాణిక్యం,

దీవెనలు రాయడానికి చెయ్యి రావడం లేదు.

నీ ఉత్తరం విప్పగానే చూశాను. గీత మీద ఒక్క అక్షరం లేదు. మొదటి పంక్తి నుంచే పైకి ఎక్కిపోయింది. టీ, పంచదార, అనాసపండు అని ఎంత ముచ్చటగా రాశావు! ఆ రాతతో రాసిన మాటలు నమ్మమంటావా? భవానికి చూపించకుండా బియ్యం డబ్బా వెనక పెట్టాను. నా మీద నాకే అసహ్యం వేసింది.

అది చాలదన్నట్టు మొన్న మీ పంటు మీద టికెట్లు కొట్టే సత్యం వాళ్ల చుట్టాల పెళ్లికి మా ఊరు వచ్చాడు. పిలిచి కాఫీ ఇచ్చాను. మా తమ్ముడు ఎలా ఉన్నాడని నేనే అడిగాను, నా నోరు కాల్చ. "ఏం చెప్పమంటారండీ. మొన్న సాయంత్రం కొబ్బరికాయల బేరానికి మీ తమ్ముడిగారి పెరటి వైపు నుంచి వెళ్లేనండి. వెనక వసారాలో కూచున్నారు. చేతిలో గ్లాసండి. అదే రంగు, అవే ఐసు ముక్కలు. నేను పలకరించకుండా వచ్చేసేనండి" అన్నాడు.

భవాని తలుపు పక్కనే ఉంది. మొత్తం విన్నది. మర్నాడు పొద్దున్నే బడి ఆఫీసుకి వెళ్లి, తొమ్మిదో తరగతికి ఏమేం కావాలో కనుక్కుని, దరఖాస్తు కాగితాలు తెచ్చుకుంది.

అది టీ అయితే వెనక వసారాలో ఎందుకు కూర్చున్నావు? ముందు అరుగు లేదా నీ ఇంటికి?

అబద్ధమైతే ఒక్క ముక్క రాయి, నిజమైతే అసలు రాయకు.

సూర్యకాంతం

*

సఖినేటిపల్లి
8 మే

అక్కా,

అబద్ధం.

అనాసపండు చెక్కుతుంటే కత్తి జారి బొటనవేలు తెగింది. రెండు కుట్లు పడ్డాయి. కట్టు కట్టుకున్న వేలితో పెన్ను పట్టుకుని రాసిన ఉత్తరం అది. ఆ సంగతి రాస్తే నువ్వు కంగారు పడతావని రాయలేదు. ఇదిగో, ఇప్పుడు కుట్లు తీసేశారు. ఈ రాత చూసుకో. వెలుతురులో పెట్టుకో, భూతద్దం పెట్టుకో, నీ ఇష్టం.

వెనక వసారాలో ఎందుకంటే, ముందు అరుగు మీద కూర్చుంటే పోయేవాళ్లంతా నా గ్లాసు వంకే చూస్తారు కనక. ఎక్కడ కూర్చున్నా చూస్తారని ఇప్పుడు తెలిసింది. సత్యం పంటు మీద నా చేతికింద పనిచేసినవాడు. నాలుగడుగులు లోపలికి వచ్చి "ఏంటండీ తాగుతున్నారు" అని అడిగితే ఏం పోయేది? వాడికీ ఓ గ్లాసు పోసేవాణ్ని.

నిన్నటి నుంచి స్టీలు గ్లాసులో తాగుతున్నాను. రంగు కనపడదు, ఐసు కనపడదు. ఎవరి కళ్లకీ శ్రమ లేదు.

పిల్లని అక్కడే చేర్చెయ్యమను. నేను తాగినా మాట పడుతున్నాను, మానేసినా పడుతున్నాను. ఇక నాకు ఓపిక లేదు.

మాణిక్యం

*

మామిడికుదురు
12 మే

మా మాణిక్యానికి,

వేలు ఎలా ఉంది? చీము పట్టలేదు కదా? పసుపు పెట్టావా? కోపం వచ్చినా ముందు ఇది అడగాల్సింది నేను. నీ ఉత్తరం అందిన రోజే ఇక్కడ ఇంకోటి జరిగింది, అది చెప్పాలి.

తులసి నువ్వు రాసిన టీ చేస్తానని పట్టుబట్టింది. నీ పాత ఉత్తరం బియ్యం డబ్బా వెనక నుంచి ఎలా లాగిందో లాగింది. రాజోలు నుంచి అనాసపండు తెప్పించుకుంది. పొయ్యి కట్టేసి ఆకు వేసింది, వేడి మీద పంచదార కలిపింది, అన్నీ నువ్వు చెప్పినట్టే. ఆఖర్న ఐసు దగ్గర ఆగింది. ఫ్రిజ్ తలుపు తీసి చాలాసేపు నిలబడింది. నేను వెళ్లబోతే భవాని నా చెయ్యి పట్టుకుంది. పిల్ల తనే ట్రే తీసి, గిన్నెకేసి కొట్టి, ముక్కలు వేసింది.

గ్లాసు వరండాలో మీ బావగారి పడకకుర్చీ పక్కన స్టూలు మీద పెట్టి, నిమ్మచెక్క తెస్తానని లోపలికి వచ్చింది. అంతలో ఆయన తోటలోంచి వచ్చారు. స్టూలు వంక చూసి చెట్టంత మనిషి అరిచారు. "ఎవరే ఇది ఇక్కడ పెట్టేరు? మాణిక్యం వచ్చేడా?"

వినపడిందా తమ్ముడూ? నీ పేరే అన్నారు. పిల్ల చేసిన టీ చూసి, నువ్వు ఈ ఊళ్లోనే లేకపోయినా, నీ పేరే అన్నారు.

భవాని నవ్వింది. నవ్వుతూ నవ్వుతూ గోడకి ఆనుకుని ఏడ్చేసింది. మీ బావగారికి ఏమీ అర్థం కాక, ఆ గ్లాసు వాసన చూసి, తాగి, ఇంకో గ్లాసు అడిగారు. "బాగుందే. పంచదార తక్కువేసేరు" అన్నారు. నిన్న సాయంత్రం కూడా అడిగారు.

సత్యాన్ని తప్పు పట్టను. నన్నూ పట్టకు. మాకందరికీ ఆ రంగంటే భయం, అంతే.

కానీ స్టీలు గ్లాసు వద్దురా, నీకు దణ్ణం పెడతాను. స్టీలు గ్లాసులో ఏముందో నీకు తప్ప ఎవరికీ తెలియదు. నాకు దానికంటే భయం ఇంకోటి లేదు. గాజుగ్లాసులోనే తాగు. ముందు అరుగు మీద కూర్చుని తాగు. చూసేవాళ్లని చూడనీ. అడిగినవాళ్లకి పోసివ్వు.

పిల్లని ఇక్కడే చేర్చమని రాసిన మాట భవానికి చదివి వినిపించలేదు. బడి కాగితాలు ఇంకా దాని పెట్టెలోనే ఉన్నాయి. ఇవ్వనూ లేదు, చింపనూ లేదు.

అక్క

*

సఖినేటిపల్లి
20 మే

అక్కకి,

వేలు మానింది. బావగారు అన్న మాట చదివి ఆ రోజు అన్నం తినలేదు. మర్నాడు మళ్లీ చదువుకున్నాను. తప్పు ఆయనది కాదు.

తులసి ఐసు ముట్టుకున్న చోట ఉత్తరం మడిచి జేబులో పెట్టుకున్నాను. ఉతుకులో తడిసింది. అయినా ఉంది.

నువ్వు చెప్పినట్టే అరుగు మీదకి మారాను. మొదటి రోజు గ్లాసు పట్టుకుంటే చెమటలు పోశాయి. పంటు కోసం రేవుకి వెళ్లేవాళ్లంతా ఆగి ఆగి చూశారు. ఎవరో ముసలాయన "ఏవండీ, వీధిలోనేనా?" అన్నాడు. "ఆయ్, తాగి చూడండి" అని ఇంకో గ్లాసు పోసిచ్చాను. తాగి, మూతి తుడుచుకుని, "టీ చల్లారిపోయిందండీ" అని వెళ్లిపోయాడు. ఇప్పుడు ఎండలకి చలివేంద్రం పెట్టినట్టే అయింది. అరుగు మీద కుండలో మంచినీళ్లు, పక్కన గిన్నెలో టీ. సత్యం కూడా వచ్చాడు. తల దించుకునే తాగాడు.

ఇక్కడితో ఆపేస్తే ఉత్తరం బాగుండేది. కానీ ఇంకోటి ఉంది.

మొన్న చీకటి పడే వేళ నాతో పాత రోజుల్లో కూర్చునేవాడు ఒకడు వచ్చాడు. పేరు రాయను. అరుగు మీద నా పక్కన కూర్చుని, గ్లాసు చూసి, నవ్వాడు. చొక్కా కింద నుంచి చిన్న సీసా తీశాడు. "గురూ, భలే ఎత్తు వేసేవు. రంగు ఒకటే కదా, ఇందులో కాస్త పోసుకో. వీధంతా టీ అనుకుంటారు. ఇక నిన్ను అడిగేవాడెవడు?" అన్నాడు.

అక్కా, వాడు చెప్పింది నిజం. ఎవరికీ తెలియదు. నువ్వు కూడా కనిపెట్టలేవు. ఒక్క మూతడు పోసుకుంటే నా రాత వంకర పోదు. ఇన్నాళ్లూ ఈ రంగు వల్ల మాట పడ్డాను. అదే రంగు నన్ను దాస్తానంటోంది. నేను వద్దని వెంటనే అనలేదు. వెంటనే అన్నానని రాద్దామనుకున్నాను, కానీ అనలేదు. గ్లాసు కాస్త వాడి వైపు జరిపాను కూడా. చెయ్యి దానంతటదే జరిపింది.

అప్పుడు రేవుకి పోతున్న ఒకమ్మాయి, ఎవరో తెలియదు, ట్యూషన్ సంచీ తగిలించుకుని వచ్చి, "బాబాయిగారూ, టీ ఉందాండీ?" అంది. వాడు సీసా లోపల పెట్టేశాడు. నేను ఆ పిల్లకి గిన్నెలోంచి పోసిచ్చి, నా గ్లాసులో టీ నేల మీద పారబోశాను. వాణ్ని లేచి వెళ్లమన్నాను. వెళ్లాడు. మళ్లీ వస్తాడు.

ఆ పిల్ల రాకపోతే ఏం చేసేవాణ్నో నాకు తెలియదు. ఇది నీకు రాయకపోయినా ఎవరికీ తెలిసేది కాదు. నువ్వు భవానిని "వెళ్లు" అని పంపేసేదానివేమో కూడా. అయినా రాస్తున్నాను. నాకు భయంగా ఉంది అక్కా. సాయంత్రం అయితే చాలు, భయంగా ఉంది.

మాణిక్యం

*

మామిడికుదురు
27 మే

మాణిక్యానికి, నిండు దీవెనలు.

నీ ఉత్తరం చదివి ఒక పూటంతా ఏం చెయ్యాలో తోచలేదు. బియ్యం డబ్బా దాకా వెళ్లాను. మళ్లీ వెనక్కి వచ్చి, భవానిని పిలిచి, దాని చేతిలోనే పెట్టాను. మొదటిసారి ఒక ఉత్తరం మొత్తం అదే చదువుకుంది. చిక్కుడుకాయలు ఒళ్లో పోసుకుని కూర్చుని చదివింది. ఒకసారి అయ్యాక మళ్లీ మొదలుపెట్టింది. గ్లాసు జరిపానని రాసిన చోట వేలు పెట్టి ఆగిపోయింది.

ఇక అయిపోయిందనుకున్నాను. "నేను వెళ్లమని చెప్పలేనమ్మా. వద్దనీ చెప్పలేను. నా వల్ల కావడం లేదు" అన్నాను. నా కళ్లనీళ్లు చూసి అది కొంగుతో తుడిచింది.

"ఇన్నాళ్లూ మానేసేనని చెప్పేరు గానీ వదినగారూ, భయంగా ఉందని ఎప్పుడూ చెప్పలేదండి" అంది.

అంతే అంది. తర్వాత చిక్కుడుకాయలు వల్చుకుంది.

ఈ ఉత్తరం నీకు పోస్టులో రాదు, భవానే తెస్తుంది. రాజోల్లో బస్సు మారి, సాయంత్రం వేళకే నీ అరుగు దగ్గరికి చేరేట్టు బయల్దేరతానంటోంది. పొద్దున బస్సుకి వెళ్లమంటే వినలేదు. "పగలు ఆయన సంగతి నాకు తెలుసండి. నేను చూడాల్సింది సాయంత్రమేనండి" అంది. తులసి కూడా వస్తోంది. అనాసపండు ఒకటి సంచీలో పెట్టుకుంది, నీకు చెక్కడం రాదని తనే చెక్కుతుందట. బడి కాగితాలూ పెట్టెలోనే ఉన్నాయి, నీకు అబద్ధం చెప్పను. జూన్ దాకా అవి అక్కడే ఉంటాయంది.

నాకు ఇంకా భయమే. ఇది రాస్తుంటే నా రాతే గీత దాటుతోంది, చూశావా?

ఒక్కటి చెప్పమంది, చెబుతున్నాను. ఉత్తరం నీ చేతిలో పెట్టి, నువ్వు చదవడం అయ్యేదాకా భవాని మెట్టు మీదే నిలబడుతుంది. చదివాక లోపలికి పరిగెత్తకు. కొత్త గ్లాసు తియ్యకు, కడగకు, గిన్నెలోది పొయ్యకు.

నువ్వు తాగుతున్న గ్లాసే ఇవ్వు. అందులోదే తాగుతానంది.

అక్క
సూర్యకాంతం